ఆట దాచుకోండి, ఆయనకు చెప్పి దాచుకోండి

ప్రశ్న: మాది పర్లాకిమిడి. నాకు 34 ఏళ్లు. ఇంట్లోనే జాకెట్లు కుడతాను. మావారు సూరత్‌లో మరమగ్గాల మీద పనిచేస్తారు, ఏడాదికి రెండుసార్లు వస్తారు. ఇంట్లో అత్తగారు, తొమ్మిదేళ్ల బాబు, నేను. ఆడపడుచు వాళ్లది పక్క వీధే. రాత్రి గిన్నెలు తోమి, మిషను మూసేశాక ఫోనులో ఓ అరగంట క్యాండీ క్రష్, లూడో ఆడుకుంటాను. మొన్న బాబు ఫోను తీసుకుని నా క్యాండీ క్రష్ తీసేశాడు. 1,100 లెవెళ్లు పోయాయి. ఆడపడుచు పిల్లలు ‘అత్త ఆటలాడుతోంది’ అని అందరి ముందూ నవ్వుతారు. ‘రాత్రి పన్నెండింటి దాకా దుప్పట్లో ఫోను వెలుగుతూనే ఉంటోంది’ అని అత్తగారు మావారికి చెప్పారు. ఆయన ‘ఎవరితో అంత మాటలు?’ అని అడిగారు. ఏడుపొచ్చింది, జవాబు చెప్పలేదు. నాది రెడ్‌మీ ఫోను, బాబుది శాంసంగ్ ట్యాబ్, రెండింట్లోనూ నా జీమెయిలే ఉంది. ఈ ఆటలు ఎవరికీ కనపడకుండా చేయడమెలా? అలా దాచడం తప్పా?

జవాబు: తప్పు కాదమ్మా. పొద్దున్నుంచీ ఊళ్లోవాళ్ల కొలతలు, హుక్కులు, ఫాల్సులు చూసి చూసి అలసిన కళ్లకు రంగు గోళీలు మూడు వరసన చేర్చుకునే ఆట కావాలనిపించడంలో సిగ్గుపడాల్సింది ఏమీ లేదు. మీ బీరువా తాళం మీ దగ్గర ఉన్నట్టే ఫోనులో ఒక మూల కూడా మీదిగా ఉండొచ్చు. అయితే మీ ఉత్తరంలో రెండు వేరువేరు సమస్యలు కలిసిపోయాయి. పిల్లల చేతుల్నుంచి ఆటను కాపాడుకోవడం ఒకటి. దానికి ఫోనులో తాళాలు ఉన్నాయి. ఆయన మనసులో పడ్డ అనుమానం రెండోది. దానికి తాళం వేస్తే అనుమానం రెట్టింపవుతుంది. ‘ఎవరితో మాటలు’ అని అడిగిన వారానికే ఫోనులో కొత్త తాళం కనిపిస్తే దూరాన ఉన్న మనిషి ఏమనుకుంటాడో మీరే ఊహించండి.

కాబట్టి సెట్టింగులు ముట్టుకోకముందే ఆయనకు ఫోను చేయండి. షిఫ్టు దిగి అన్నం తిన్నాక, తీరిగ్గా ఉన్న వేళ చూసుకోండి. ‘ఏమండీ, మొన్న మీరు అడిగితే ఏడుపొచ్చి చెప్పలేకపోయాను. నేను ఎవరితోనూ మాట్లాడటం లేదు, ఆట ఆడుకుంటున్నాను. బాబు తీసేస్తున్నాడని తాళం పెట్టుకుంటున్నా. నంబరు మీకు చెబుతాను’ అనండి. అంతే. అత్తగారి మీద ఫిర్యాదు ఆ మాటల్లో కలపొద్దు, కలిపితే సంగతి ఆటను వదిలి అటు మళ్లుతుంది. వీడియో కాల్‌లో మీ ఆట తెర ఒకసారి చూపించండి. వీలైతే ఆయన ఫోనులోనూ లూడో వేయించండి. లూడో కింగ్‌లో స్నేహితులతో ఆడే చోట గది నంబరు ఒకటి వస్తుంది. అది ఆయనకు పంపితే సూరత్‌లో ఆయన, పర్లాకిమిడిలో మీరు ఒకే బల్ల మీద ఆడొచ్చు.

ఇక ఫోను సంగతి. ముందు పోయిన లెవెళ్ల ఆశ వదలకండి. ఎప్పుడైనా ఆ ఆటను ఫేస్‌బుక్‌తో గానీ, ఆ ఆట తయారుచేసే కింగ్ కంపెనీ ఖాతాతో గానీ కలిపి ఉంటే, ఆట మళ్లీ ఇన్‌స్టాల్ చేసి అదే ఖాతాతో లోపలికి వెళ్లండి, లెవెళ్లు తిరిగొస్తాయి. కూడబెట్టిన బూస్టర్లు, అంటే ఆటలో సాయపడే వస్తువులు, రాకపోవచ్చు. ఎన్నడూ కలపకపోతే పోయినవి పోయినట్టే. ఈసారి మొదటి రోజే మెయిల్‌తో ఖాతా తెరిచి కలపండి. పిల్లాడు మళ్లీ తీసేసినా ఏడవక్కర్లేదు.

దాచేముందు ఆట నోటిఫికేషన్లు ఆపాలి. చాలామంది ఇక్కడే దొరికిపోతారు. క్యాండీ క్రష్‌లో ఐదు ప్రాణాలు, అరగంటకొకటి చొప్పున నిండుతాయి. అంటే ప్రాణాలన్నీ అయిపోయి ఆట ఆపిన రెండున్నర గంటలకు ‘ప్రాణాలు నిండాయి, రా’ అని తెర మీద చీటీ పడొచ్చు. అత్తగారు భజన వింటున్నప్పుడు అది పడితే మీరు ఎంత దాచినా ఒకటే. ఆట బొమ్మ మీద వేలు నొక్కి పట్టండి, యాప్ ఇన్ఫో తెరవండి, నోటిఫికేషన్స్‌లో మొత్తం ఆపేయండి.

తర్వాత సెట్టింగ్స్‌లో యాప్స్, అందులో యాప్ లాక్. దొరక్కపోతే సెట్టింగ్స్ పైనున్న వెతికే గడిలో ఆ పేరు కొట్టండి. తాళం పెట్టాక ‘హిడెన్ యాప్స్’ అనే చోట మీ ఆటలు ఎంచుకుంటే తెర మీంచి మాయమవుతాయి. తెరవాలంటే హోమ్ తెర మీద రెండు వేళ్లు దగ్గరగా పెట్టి బయటికి చాపండి, తాళం అడుగుతుంది. ఫోనుతో వచ్చిన హోమ్ తెరే వాడుతుంటే ఇది పనిచేస్తుంది. హోమ్ తెరను మార్చే వేరే యాప్ (లాంచర్) ఏదైనా వేసుకుని ఉంటే దాచినవి బయట కనపడొచ్చు.

తాళం గీతగా కాక అంకెలుగా పెట్టండి. సుద్దముక్క అంటిన వేలితో గీత గీస్తే గాజు మీద ఆ దారి తెల్లగా అలాగే మిగులుతుంది. వెలుతురుకు ఏటవాలుగా పట్టుకుంటే తొమ్మిదేళ్ల పిల్లాడికి ఇట్టే తెలిసిపోతుంది. బాబు పుట్టినరోజు అంకెలు వద్దు. ఇంకో ముఖ్యమైన మాట: ఫోనులో ఎవరెవరి వేలిముద్రలు ఉన్నాయో చూడండి. సరదాకి ఎప్పుడో బాబు వేలు నమోదు చేయించి ఉంటే, యాప్ లాక్‌కు వేలిముద్ర ఒప్పుకున్నాక వాడి వేలికీ ఆ తలుపు తెరుచుకుంటుంది. సెట్టింగ్స్‌లో మీది ఉంచి మిగతావి తీసేయండి. తాళం మరిచిపోతే తిరిగి తెరవడానికి షావోమీ (రెడ్‌మీ ఫోనుల కంపెనీ) ఖాతా అక్కరకొస్తుంది. అది పాత సిమ్ నంబరు మీద ఉందేమో ఇప్పుడే చూసుకోండి.

దీనివల్ల పిల్లలకు, అతిథులకు కనపడదు. వెతకాలనుకున్న పెద్దవాళ్లకు మాత్రం సెట్టింగ్స్‌లోని యాప్‌ల జాబితాలో, బ్యాటరీ లెక్కల్లో, ఏ యాప్ ఎంతసేపు వాడారో చూపే డిజిటల్ వెల్‌బీయింగ్‌లో దొరకొచ్చు. అందుకే ఆయనకు ముందే చెప్పమన్నాను.

అసలు చిక్కు ట్యాబ్‌లో మీ జీమెయిల్ ఉండటం. మీరు వేసిన ఆటల పేర్లు అక్కడి ప్లే స్టోర్ జాబితాలో కూడా కనపడతాయి. బాబుకు వేరే ఖాతా కావాలి. 13 ఏళ్లలోపు పిల్లలకు, పెద్దల అదుపులో ఉండేలా, గూగుల్ ఫ్యామిలీ లింక్‌తో తెరవొచ్చు. అప్పుడు వాడు కొత్త యాప్ వేయాలంటే మీ అనుమతి అడిగేలా పెట్టుకోవచ్చు. వాడి ఖాతా పనిచేస్తోందని చూసుకుని, ట్యాబ్‌లోంచి మీ మెయిల్ తీసేయండి. ట్యాబ్ మీరూ వాడాలనుకుంటే సెట్టింగ్స్‌లో అకౌంట్స్ అండ్ బ్యాకప్, అందులో యూజర్స్ ఉంటుంది, ఇద్దరికీ విడివిడిగా గదులు పెట్టుకోవచ్చు. ఎవరి ఆటలు వాళ్లకే కనపడతాయి, కానీ స్టోరేజీ ఒకటే, త్వరగా నిండుతుంది. గూగుల్ ప్లే గేమ్స్ ప్రొఫైల్‌లో మీ ఆటల వివరాలు ఎవరు చూడొచ్చు అన్నచోట ‘ఓన్లీ యు’ పెట్టండి. ఫేస్‌బుక్‌లో యాప్స్ అండ్ వెబ్‌సైట్స్‌కి వెళ్లి ఆ ఆటకు ‘ఓన్లీ మి’ పెట్టండి. లేకపోతే ఆడపడుచుకు అక్కడా తెలుస్తుంది.

అత్తగారికి ఫోను ఇవ్వకుండా ఉండలేరు, ఉండకూడదు కూడా. సెట్టింగ్స్‌లో వెతికి స్క్రీన్ పిన్నింగ్ ఆన్ చేయండి, పిన్ తీసేటప్పుడు తాళం అడిగేలా కూడా పెట్టండి. భజనల వీడియో తెరిచి పిన్ చేసి ఇస్తే ఆమె వినేదే వింటారు, తాళం లేకుండా వేరే చోటికి పోవడం కుదరదు. ఫోను లాక్కున్నట్టు ఆమెకూ ఉండదు.

ఆటలు దాచిపెడతామని ప్లే స్టోర్‌లో దొరికే క్యాలిక్యులేటర్ వేషం యాప్‌ల జోలికి వెళ్లకండి. ప్రకటనలతో తినేస్తాయి, అక్కర్లేని అనుమతులు అడుగుతాయి, వాటిని తీసేసిన రోజు లోపల దాచినవీ పోవచ్చు. వేరే ఫోనులు వాడేవారి కోసం ఒక్క మాట. ఆండ్రాయిడ్ 15 నుంచి చాలా ఫోనుల్లో ప్రైవేట్ స్పేస్ అనే తాళం వేసిన వేరే గది ఉంది, అందులో ఆట కొత్తగా వేసుకోవాలి, కాబట్టి ఖాతా కలపకుండా పాతది తీసేయొద్దు. ఐఫోనులో ఐఓఎస్ 18 నుంచి ఆట బొమ్మను నొక్కి పట్టుకుంటే తాళంతో దాచే వీలు కనిపిస్తుంది.

ఇక మీకే ఒక ప్రశ్న. మీరు అరగంట అన్నారు, అత్తగారు పన్నెండు దాకా అన్నారు. ఎవరి మాట నిజమో తగువు పడక్కర్లేదు, డిజిటల్ వెల్‌బీయింగ్‌లో ఏడు రోజుల లెక్క చూడండి. గంట దాటుతుంటే ఆటకు 40 నిమిషాల టైమర్ పెట్టుకోండి. ఆ టైమర్ అర్ధరాత్రి మళ్లీ మొదటికొస్తుంది, పదకొండింటికి ఆట మొదలుపెడితే ఒకే రాత్రి రెండు వాటాలు దొరుకుతాయి. పదింటికే మొదలుపెట్టండి. దుప్పట్లో వద్దు, లైటు వేసుకుని మంచం మీద కూర్చుని ఆడండి. దుప్పటి కింద వెలుగే కదా ఇంత మాట తెచ్చింది.

ఆటలో డబ్బు పెడుతున్నట్టు మీరు రాయలేదు. ఒకవేళ రమ్మీలాంటి పందెం ఆటేదైనా ఉంటే నేను చెప్పిన తాళాలేవీ దానికి వాడకండి. డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను 2025 చట్టం నిషేధించింది. మానలేకపోతుంటే 14416కు ఫోను చేయండి, అది మానసిక సమస్యలకు సాయం చేసే ప్రభుత్వ టెలీ మానస్, తెలుగులోనూ మాట్లాడతారు. క్యాండీ క్రష్‌లో కొనుగోళ్లకు మాత్రం ప్లే స్టోర్ సెట్టింగ్స్‌లో ప్రతి కొనుగోలుకూ ధ్రువీకరణ అడిగేలా పెట్టండి. బాబు వేలు పొరపాటున తగిలినా మీ కుట్టుకూలి పోదు.

ఆయనతో మాట్లాడాక బాబును కూడా కూర్చోబెట్టి చెప్పండి. ‘నీ ట్యాబ్‌లో నీ ఆట నేను తీసేయను, నా ఫోనులో నా ఆట నువ్వు తీయకూడదు’ అనండి. వాడికి న్యాయం అర్థమయ్యే వయసే.