ఈఎస్ఆర్ 48 వచ్చింది, తగ్గడానికి మందుందా?

ప్రశ్న: నా వయసు 56. కొన్నాళ్లుగా నీరసంగా ఉంటోందని రక్త పరీక్షలు చేయించుకున్నాను. హిమోగ్లోబిన్ 9.2, ఈఎస్ఆర్ 48 వచ్చాయి. జ్వరం, దగ్గు, నొప్పులు ఏవీ లేవు. క్షయో, క్యాన్సరో అని టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు. ఈఎస్ఆర్ తగ్గడానికి మందు చెప్పండి. – ఒక సోదరి

జవాబు: అమ్మా, ఈఎస్ఆర్ అసలు జబ్బే కాదు. అందుకే దాన్ని తగ్గించే మందంటూ ఏదీ ఉండదు.

రక్తం గడ్డకట్టకుండా సిట్రేట్ కలిపి, సన్నటి గొట్టంలో పోసి నిలువుగా నిలబెడతారు. మెల్లగా ఎర్రకణాలు కిందికి దిగి, పైన లేత పసుపు ప్లాస్మా మిగులుతుంది. గంట తర్వాత ఆ పసుపు భాగం ఎన్ని మిల్లీమీటర్లుంటే అదే ఈఎస్ఆర్. ఒంట్లో ఇన్‌ఫెక్షనో వాపో ఉంటే ఫైబ్రినోజన్ అనే ప్రొటీన్ పెరుగుతుంది. అప్పుడు ఎర్రకణాలు నాణేలు పేర్చినట్టు దొంతరలు కట్టి వేగంగా దిగుతాయి. గొట్టం కాస్త ఒరిగినా సరే, అంకె పెరుగుతుంది.

స్త్రీలకు వయసుకు 10 కలిపి సగం చేస్తే వచ్చేదాన్ని సుమారు గరిష్ఠ పరిమితిగా చూస్తాం. మీకది 33. మీ 48 దానికి మరీ దూరమేమీ కాదు. పైగా రక్తహీనతలో కణాలు తక్కువ కాబట్టి అడ్డు లేక త్వరగా దిగిపోతాయి. నన్నడిగితే మీరు పట్టించుకోవాల్సింది ఆ 9.2ని. నెలసరి ఆగిపోయిన వయసులో రక్తం ఎందుకు తగ్గిందో తేల్చాల్సిందే. ఊరికే ఐరన్ మాత్రలు వేసుకుని సరిపెట్టుకోకండి. ఫెరిటిన్ (ఒంట్లో ఐరన్ నిల్వ), విటమిన్ బి12, క్రియాటినిన్ (కిడ్నీల పనితీరు), మలంలో రక్తం ఉందేమో చూసే పరీక్ష చేయించండి. ఒంట్లో వాపును పట్టిచ్చే సీఆర్‌పీ అనే రక్త పరీక్ష కూడా చూస్తే మంచిది. అది వాపుతోపాటే త్వరగా పెరిగి త్వరగా తగ్గుతుంది, ఈఎస్ఆర్ దిగడానికి వారాలు పడుతుంది. ఎముకల్లో, నడుములో నొప్పి మొదలైతే మాత్రం రక్తంలో అసాధారణ ప్రొటీన్లున్నాయేమో చూసే ప్రొటీన్ ఎలక్ట్రోఫోరిసిస్ పరీక్ష కూడా అవసరం.

ఈఎస్ఆర్ 100 దాటితే, లేదా బరువు తగ్గడం, సాయంత్రం జ్వరం, రాత్రి చెమటలు ఉంటే ఆలస్యం చేయకూడదు. కొత్తగా కణతల దగ్గర తలనొప్పి వచ్చినా, నమిలేటప్పుడు దవడ లాగినా, చూపు మసకబారినా అదే రోజు డాక్టర్‌కి చూపించుకోండి. అది రక్తనాళాల వాపు అయితే చూపు పోయే ప్రమాదం ఉంది.

కేవలం ఈఎస్ఆర్ చూసి ఎవరైనా క్షయ మందులో, స్టెరాయిడ్లో రాస్తే ఒప్పుకోకండి. హిమోగ్లోబిన్ పెరిగాక ఈఎస్ఆర్ మళ్లీ చేయించి, పాత రిపోర్టుతో కలిపి మీ డాక్టర్‌కి చూపించండి.