వయసు రాకముందే 401కె డబ్బు తీస్తే

ప్రశ్న: నాకు 38 ఏళ్లు. ఉద్యోగం పోయింది. పాత కంపెనీ 401కెలో (అమెరికాలో ఉద్యోగం ద్వారా పొదుపు చేసే రిటైర్మెంటు ఖాతా) 60,000 డాలర్లున్నాయి. ఇంటి ఖర్చులకు 20,000 కావాలి. మొత్తం తీసుకుంటే 20 శాతం పన్ను పట్టుకుని మిగతాది ఇస్తామంటున్నారు. పన్ను సంగతి అంతటితో అయిపోయినట్టేనా?
– ఓ పాఠకుడు, డాలస్

జవాబు: కాదు. ఆ 20 శాతం అడ్వాన్సు మాత్రమే, అసలు లెక్క రిటర్న్ వేసినప్పుడు తేలుతుంది. ఈ 60,000 మీ ఆ ఏడాది ఆదాయానికి కలుస్తుంది. అదంతా 22 శాతం శ్లాబులోనే పడిందనుకుంటే పన్ను 13,200. యాభై తొమ్మిదిన్నర ఏళ్లు నిండలేదు కాబట్టి 10 శాతం పెనాల్టీ మరో 6,000. వెరసి 19,200. వాళ్లు పట్టుకున్నది 12,000. మిగతా 7,200 ఏప్రిల్ 15లోగా మీరే కట్టాలి. అప్పటికి చేతికొచ్చిన 48,000 మిగిలి ఉంటుందా? చాలామంది దెబ్బతినేది ఇక్కడే. టెక్సస్‌లో రాష్ట్ర ఆదాయపు పన్ను లేదు గనుక ఇంతటితో సరి. కాలిఫోర్నియాలో అయితే రాష్ట్ర పన్నుతో పాటు రాష్ట్ర పెనాల్టీ ఇంకో 2.5 శాతం.

20,000 కోసం 60,000 తీయకండి. మొత్తాన్ని డైరెక్ట్ రోలోవర్‌గా (మీ చేతికి రాకుండా ఖాతా నుంచి ఖాతాకు) ట్రెడిషనల్ ఐఆర్‌ఏలోకి (కంపెనీతో పనిలేని మీ సొంత రిటైర్మెంటు ఖాతా) మార్చండి. చెక్కు కొత్త సంస్థ పేరున, ‘ఫర్ బెనిఫిట్ ఆఫ్’ అని మీ పేరుతో రావాలి. నేరుగా మీ పేరున వస్తే 12,000 కోత పడినట్టే. 60 రోజుల్లో తిరిగి జమ చేయొచ్చు గానీ, కోత పడిన 12,000 కూడా జేబులోంచి వేస్తేనే లెక్క సరిపోతుంది. 48,000 మాత్రమే వేస్తే తక్కువైన 12,000 మీద పన్ను, దానికి తోడు 1,200 పెనాల్టీ.

ఐఆర్‌ఏ నుంచి కావలసినంతే తీసుకోవచ్చు. కొంత డిసెంబరులో, కొంత జనవరిలో తీస్తే రెండేళ్ల ఆదాయాల్లోకి సర్దుకుంటుంది. ఇంకో వెసులుబాటు కూడా ఉంది: నిరుద్యోగ భృతి వరుసగా 12 వారాలు అందుకున్నవారు హెల్త్ ఇన్సూరెన్స్ ప్రీమియం మేరకు ఐఆర్‌ఏ నుంచి తీస్తే పెనాల్టీ ఉండదు (పన్ను ఉంటుంది). 401కె నుంచి తీస్తే ఇది వర్తించదు. తీసిన సొమ్ముకు సంస్థ పంపే ఫారం 1099-ఆర్‌లో మామూలుగా కోడ్ 1 (ముందే తీశారు, మినహాయింపు తెలియదు అని) వస్తుంది, కాబట్టి మినహాయింపును ఫారం 5329లో మీరే చూపించాలి.

ప్రశ్న: నాకు 56. ఈ ఏడాదే ఉద్యోగం మానేశాను. నేనూ ఐఆర్‌ఏకి మార్చాలా?
– ఓ పాఠకురాలు, న్యూజెర్సీ

జవాబు: తొందరపడకండి. 55 నిండే సంవత్సరంలో గానీ ఆ తర్వాత గానీ ఉద్యోగం వదిలినవారికి ఆ కంపెనీ 401కె నుంచి తీసే డబ్బు మీద పెనాల్టీ లేదు. ఐఆర్‌ఏలోకి మార్చిన మరుక్షణం ఈ హక్కు పోతుంది. అయితే కొన్ని ప్లాన్లు విడతలుగా ఇవ్వవు, ఇస్తే మొత్తం ఒకేసారి ఇస్తాయి. మీ ప్లాన్ ఎలా ఇస్తుందో ముందే అడగండి.

ప్రశ్న: రాత్ ఐఆర్‌ఏలో (పన్ను కట్టిన డబ్బు వేసే రకం) 24,000 వేశాను, ఇప్పుడది 31,000 అయింది. వయసు 40. ఎంత తీయొచ్చు?
– ఓ పాఠకుడు, అట్లాంటా

జవాబు: మీరు వేసిన 24,000 వరకు పన్నూ లేదు, పెనాల్టీ లేదు, ముందు అసలు సొమ్మే బయటికి వచ్చినట్టు లెక్క. పైనున్న 7,000 లాభం ముట్టుకుంటే రెండూ పడతాయి. కన్వర్షన్ (ట్రెడిషనల్ ఖాతా నుంచి రాత్‌లోకి మార్చడం) ద్వారా వచ్చిన సొమ్ముకు ఐదేళ్ల గడువు వేరేగా ఉంటుంది. కంపెనీలోని రాత్ 401కెకి ఈ వరస వర్తించదు, అక్కడ ప్రతి డాలరులోనూ లాభం వాటా కలిసే వస్తుంది. మీరు వేసింది చూపుతూ ఏటా వచ్చే ఫారం 5498లు దాచుకోండి. ఎంత వేశారో ఫారం 8606లో చూపాల్సింది మీరే.