డాక్టరును చూస్తేనే గేదె బెదిరిపోతోంది, ఆ పూట పాలు చేపడం లేదు. ఏం చేయాలి?

మీరు అడిగింది క్లుప్తంగా ఇది: రెండో ఈత ముర్రా గేదె, డాక్టరు పాకలోకి అడుగుపెడితే చాలు పలుపు తెంపుకునేంత పని చేస్తోంది, సూది వేయనివ్వదు, ఆ పూట పాలు చేపదు, అంటే పొదుగులోంచి పాలు దిగనివ్వదు. పైగా డాక్టరు వచ్చీరాగానే మందు ఇవ్వకుండా "నిన్న నెమరు వేసిందా, ఎటు తిరిగి పడుకుంది, ఎప్పటినుంచి ఇలా ఉంది" అని ప్రశ్నలు మొదలుపెడతాడు, అవన్నీ ఎందుకు అని.

నేను పల్నాడు, ప్రకాశం వైపు పల్లెల్లో పశువుల డాక్టరుగా పనిచేస్తున్నాను. ప్రశ్నల సంగతి ముందు చెప్తాను, బెదురు సంగతి దాని వెంటే వస్తుంది.

గేదె నొప్పిని దాచుకుంటుంది. మందలో నీరసంగా కనిపించినదాని మీదే పులి ముందు పడుతుంది కాబట్టి పుట్టుకతో వచ్చిన గుణం అది, తరతరాలుగా గుంజకు కట్టేసి మేపుతున్నా పోలేదు. పొద్దుటినుంచి వీపు గూని పెట్టుకుని మూలుగుతున్న గేదె, కొత్త మనిషి అలికిడి వినగానే తల ఎత్తి, చెవులు ముందుకు పెట్టి, ఏమీ లేనట్టు నిలబడుతుంది. బెదిరింది కాబట్టి గుండె వేగం పెరుగుతుంది, ఊపిరి పెరుగుతుంది, ఒంటి వేడి కూడా కాస్త పెరగొచ్చు. అంటే ఆ క్షణంలో నేను చూస్తున్నది నన్ను చూసి భయపడిన గేదెను. జబ్బుతో ఉన్న గేదెను చూసింది రోజూ కుడితి పెట్టే మీరు. అందుకే డాక్టరు అడుగుతున్నాడు, అడగకుండా సూది తీసేవాడికంటే అడిగేవాడే నయం అని నా నమ్మకం.

వినుకొండ వైపు ఒక ఊళ్లో ఓ పెద్దావిడ చెప్పిన మాట ఇప్పటికీ కొత్తగా చేరిన పిల్లలకు చెప్తుంటాను. "జ్వరం లేదు బాబూ, మేత కూడా ఏదో కాస్త తింటోంది. కానీ పాక ముందు దిబ్బ దిగడానికి ఆలోచిస్తోంది. ఎక్కేటప్పుడు బాగానే ఎక్కుతోంది." అంతే. ఇంకేమీ చెప్పలేదు. నేను దూరంగా నిలబడి గేదెను దింపమన్నాను. ముందుకాళ్ల మోచేతులు పక్కలకు తోసిపెట్టి, నేరుగా కాకుండా అడ్డంగా, అడుగులో అడుగు వేసుకుంటూ దిగింది, దిగాక ఒక మూలుగు. మూపు మీద చర్మం గట్టిగా పట్టి నొక్కితే మామూలు పశువు వీపు కిందికి వంచుతుంది, ఇది వంచలేదు, ఊపిరి బిగబట్టి నిలబడింది. ఇనుప ముక్క మింగిన పశువు చేసే పని ఇది. పశువులు పెదవులతో ఏరుకుని తినవు, నాలుకతో చుట్టి లాగి మింగేస్తాయి, మేతలో తీగ ముక్కో మేకో ఉంటే అదీ పోతుంది. అది వెళ్లి రెండో పొట్టలో ఆగుతుంది, ఆ పొట్టకూ గుండెకూ మధ్య అడ్డం ఉన్నది పలచటి పొర ఒక్కటే. దిబ్బ దిగేటప్పుడు పొట్ట బరువంతా ముందుకు జరిగి ఆ ముక్క ఇంకా గుచ్చుకుంటుంది, ఎక్కేటప్పుడు బరువు వెనక్కి పోతుంది కాబట్టి హాయి. ఆపరేషన్‌కు పంపాం, లోపల చీపురుకు చుట్టే తీగ ముక్క దొరికింది. ఆ పెద్దావిడ ఆ మాట చెప్పకపోతే ఆకలి మందు రాసిచ్చి వెళ్లిపోయే కేసు అది, ముక్క గుండె దాకా పోయాక ఎవరూ ఏమీ చేయలేరు.

అందుకని డాక్టరుకు జబ్బు పేరు చెప్పకండి, గేదె ఏం చేసిందో చెప్పండి. "జ్వరం అనుకుంటా, ఒక సూది వేయండి" అన్నదానికంటే "నిన్న సాయంత్రం నుంచి నెమరు లేదు, తొట్టి దగ్గరికి వచ్చి వాసన చూసి వెనక్కి పోతోంది" అన్నది వంద రెట్లు మేలు. బాగున్న పశువు రోజుకు ఏడెనిమిది గంటలు నెమరు వేస్తుంది, ఒక్కో ముద్దను ఇంచుమించు 40 నుంచి 60 సార్లు నములుతుంది, మధ్యాహ్నం మీరు అన్నం తిని అరుగు మీద కూర్చున్నప్పుడు అది పడుకుని నములుతూ కనిపించాలి. మట్టి నాకడం, గోడ నాకడం, పాత ఎముకలు నమలడం మొదలుపెడితే ఒంట్లో భాస్వరం లాంటి ఖనిజాలు తగ్గాయేమో చూడాలి, అది చెడ్డ అలవాటు అని కొడితే తగ్గదు. మాటిమాటికీ కడుపు వైపు తిరిగి చూసుకుంటూ వెనక కాలితో పొట్టను తన్నుకుంటుంటే కడుపునొప్పి. ఎద సంగతీ అంతే, గేదెల్లో చాలావాటికి మూగ ఎద, ఆవుల్లా ఒకదాని మీద ఒకటి ఎక్కడం పెద్దగా కనిపించదు, రాత్రిపూటో తెల్లవారుజామునో కాస్త అరిచి, మాటిమాటికీ ఉచ్చ పోసి, మానం నుంచి జిగట తీగలు వేసి ఊరుకుంటుంది, మీరు చూడకపోతే మళ్లీ 21 రోజులు ఆగాలి.

ఫోన్ ఉంది కదా, వాడండి. డాక్టరు రాకముందే, గేదె తనంతట తాను ఉన్నప్పుడు, లేచేటప్పుడు, పడుకునేటప్పుడు, నడిచేటప్పుడు ఒక నిమిషం వీడియో తీసి పెట్టండి. నేను పాకలోకి వెళ్లాక కనిపించనివి ఆ వీడియోలో ఎన్నో కనిపిస్తాయి.

రెండు సంగతులు మాత్రం వీడియో తీస్తూ కూర్చోవద్దు, వెంటనే ఫోన్ చేయాల్సినవి. బాగా పాలిచ్చే గేదె ఈనిన రెండు మూడు రోజుల్లో తడబడి, కూలబడి, మెడ తిప్పి తల డొక్క మీద పెట్టుకుని మగతగా ఉంటే, చెవులు చల్లగా తగిలితే, అది చాలావరకు పాలజ్వరం. పేరు జ్వరమే గానీ ఒళ్లు చల్లబడుతుంది, రక్తంలో కాల్షియం పడిపోవడమే కారణం. నరానికి కాల్షియం నిదానంగా ఎక్కిస్తే కళ్లముందే లేచి నిలబడుతుంది. ఈలోగా కషాయమో నూనెనో నోట్లో పోయకండి, ఆ స్థితిలో మింగే శక్తి ఉండదు, ఊపిరితిత్తుల్లోకి పోయి దానికే చచ్చిపోతుంది. తెలుగు రాష్ట్రాలు రెండింట్లోనూ 1962కి చేస్తే పశువుల అంబులెన్స్ వస్తుంది.

రెండోది ఇంకా ముఖ్యం. గేదె సొంగ కారుస్తూ, నీళ్లు మింగలేక, గొంతు మారిపోయి బొంగురుగా అదేపనిగా అరుస్తుంటే మన ఊళ్లలో మొదట అనేది "మామిడి టెంక ఇరుక్కుంది" అని. ఇరుక్కుని ఉండొచ్చు కూడా. కానీ సాధువైన గేదె ఉన్నట్టుండి మీదికి వస్తోందంటే, శూన్యంలోకి చూస్తోందంటే, ఊరికే ముక్కుతోందంటే, వెనక కాళ్లు తడబడుతున్నాయంటే పిచ్చికుక్క కరిచిందేమో అనుకోవాలి. రేబిస్‌లో గొంతు కండరాలు పడిపోయి మింగలేకపోతుంది, అచ్చం ఏదో అడ్డం పడ్డట్టే ఉంటుంది. దయచేసి నోట్లో చేయి పెట్టకండి. ఎవరైనా ఇప్పటికే పెట్టి ఉంటే, ధారగా పడే నీళ్ల కింద సబ్బుతో 15 నిమిషాలు కడిగి, అదే రోజు ఆసుపత్రికి వెళ్లి టీకా వేయించుకోవాలి. మనిషికి లక్షణాలు బయటపడ్డాక ఇక చేయగలిగింది దాదాపు ఏమీ ఉండదు. కుక్క కరిచి నెలలైనా సరే ఆ సంగతి డాక్టరుకు చెప్పండి.

ఇక బెదురు. పశువు కళ్లు తలకు రెండు పక్కలా ఉంటాయి కాబట్టి చుట్టూ చాలామేర కనిపిస్తుంది, సరిగ్గా తోక వెనక మాత్రం కనిపించదు. అక్కడినుంచి ఎవరొచ్చినా తంతుంది, అది పొగరు కాదు. అమెరికాలో టెంపుల్ గ్రాండిన్ అనే ఆవిడ పశువుల బెదురు మీద ఏళ్ల తరబడి పనిచేశారు. ప్రతి పశువుకూ తన చుట్టూ ఒక హద్దు ఉంటుందని, ఆ హద్దు దాటి లోపలికి వస్తే జరిగిపోతుందని, భుజానికి వెనకనుంచి మనిషి కదిలితే ముందుకు, ముందునుంచి కదిలితే వెనక్కి పోతుందని ఆవిడ చెప్పినవి మన కాపలా పిల్లలకు చేతల్లో ఎప్పుడో తెలుసు. కానీ సూది రోజున అన్నీ మర్చిపోయి నలుగురు మీదపడి, అరిచి, తోక మెలిపెడతాం.

మీరు చేయాల్సింది ఇది. గేదెను రోజూ పాలు పితికే మనిషే పట్టుకోవాలి, ఇంకెవరూ వద్దు. కుక్కను బయట కట్టేయండి, దూడను కళ్లెదుటే ఉంచండి. డాక్టరును పాలు పితికే పక్కనుంచే రమ్మనండి, ముందు మెడ మీద చేయి వేసి, మాట్లాడుతూ, చేయి తీయకుండా వెనక్కి జరగమనండి. ఊళ్లో ట్రెవిస్, అంటే వైద్యం చేసేటప్పుడు పశువును కదలకుండా నిలబెట్టే చట్రం, ఉంటే జబ్బు లేని రోజుల్లో కూడా అప్పుడప్పుడూ దాన్లోకి తోలుకెళ్లి, ఏమీ చేయకుండా కాస్త తవుడు పెట్టి తీసుకురండి. ట్రెవిస్ అంటే సూది అని దానికి పడిన ముద్ర పోవాలి. పశువులు మనుషుల్ని గుర్తుపడతాయి, నొప్పి పెట్టినవాణ్ణి ఇంకా బాగా గుర్తుపెట్టుకుంటాయి. మత్తు ఇమ్మని అడిగేవాళ్లున్నారు. బాగా బెదిరిన తర్వాత ఇస్తే మత్తు సరిగా పట్టదు, పశువులకు మామూలుగా వాడే జైలజీన్ చూడి చివరి నెలల్లో గర్భసంచిని బిగిస్తుంది, అందుకే ఆ ఊసు మీ అంతట మీరు ఎత్తకండి.

పాలు చేపకపోవడం కూడా ఆ భయం వల్లే. చేపు రావాలంటే మెదడునుంచి ఆక్సిటోసిన్ విడుదలవ్వాలి, భయపడితే ఊరే అడ్రినలిన్ దాన్ని పనిచేయనివ్వదు. ఆవు పొదుగులో చేపకపోయినా ఇంచుమించు అయిదో వంతు పాలు కింద గదుల్లో నిలవ ఉంటాయి. గేదెకు అక్కడ ఉండేది 5 శాతమే, మిగతాదంతా పైన చిన్న చిన్న తిత్తుల్లోనే ఉంటుంది, చేపితే తప్ప దిగదు. కాబట్టి టీకా లాంటి ముందే తెలిసిన పనులకు పాలు పితికాకే డాక్టరును రమ్మనండి. చేపు కోసం పూటపూటా ఇంజక్షన్ పొడిచే పనికి మాత్రం పోవద్దు, పశువు ఆరోగ్యం చెడగొట్టేలా అలాంటివి పొడవడం 1960 నాటి జంతుహింస నిరోధక చట్టం 12వ సెక్షన్ కింద నేరం, పైగా కొన్నాళ్లకు అది లేకపోతే చేపడమే మానేస్తుంది.

ఇంతకీ మీరు ఒక విషయం రాయలేదు. డాక్టరు వచ్చినప్పుడే తంతోందా, మామూలు రోజుల్లో మీరు పితికేటప్పుడు కూడా తంతోందా? మొదటిదైతే పైన రాసినవి చేసి చూడండి. రెండోదైతే ఏ చన్ను ముట్టుకుంటే కాలు ఎత్తుతోందో చూసి, ఆ చన్నునుంచి మొదటి ధారలు నల్లటి గుడ్డ మీద పిండి, ముక్కలు కనిపిస్తున్నాయేమో రాయండి. పొదుగువాపు మొదలవుతుంటే అది బెదురు కాదు, నొప్పి.