అమెరికాలో ట్యాక్స్ పని: మీ ప్రశ్నలు, నా జవాబులు

ప్రశ్న: మేడమ్, నేను ఇండియాలో ఎం.కాం. చేసి కొన్నేళ్లు ఒక ఆడిటర్ గారి దగ్గర పనిచేశాను. ఇప్పుడు హెచ్-4 (హెచ్-1బీ వాళ్ల కుటుంబానికిచ్చే వీసా) మీద ఉన్నాను, ఈఏడీ, అంటే పని అనుమతి పత్రం, వచ్చింది. సీపీఏ (ఇక్కడి అకౌంటెంట్ లైసెన్సు) చేద్దామంటే మళ్లీ కాలేజీ క్రెడిట్లు కావాలంటున్నారు. ట్యాక్స్ లైన్‌లో ఇంకో దారి లేదా? మీరు ఎన్‌రోల్డ్ ఏజెంట్‌గా ప్రాక్టీసు చేస్తూనే మనవాళ్లకు ఉచితంగా కూడా పనిచేస్తారని విన్నాను. రెండూ ఎలా కుదురుతాయి?
– ఒక పాఠకురాలు, ఎడిసన్, న్యూజెర్సీ

జవాబు: దారి ఉందమ్మా, మీరు అడిగిన మాటలోనే ఉంది. ఎన్‌రోల్డ్ ఏజెంట్ అంటే ఐఆర్‌ఎస్ (అమెరికా ఫెడరల్ పన్నుల శాఖ) ముందు క్లయింటు తరఫున మాట్లాడే లైసెన్సు ఉన్నవాళ్లు. అలా అవడానికి డిగ్రీ అడగరు, సిటిజన్‌షిప్ అడగరు. రిటర్నులు తయారుచేసేవాళ్లకు ఐఆర్‌ఎస్ ఇచ్చే పీటిన్ అనే నంబరు తీసుకుని మూడు భాగాల పరీక్ష పాసవ్వాలి. మొదటిది వ్యక్తుల పన్ను, రెండోది వ్యాపారాల పన్ను, మూడోది క్లయింటు తరఫున ఐఆర్‌ఎస్ ముందు నిలబడే పద్ధతులు, నియమాలు. ఒక్కో భాగానికి 100 ప్రశ్నలు, మూడున్నర గంటల టైము. మూడూ ఒకేసారి రాయక్కర్లేదు కాబట్టి పిల్లలతో ఇంట్లో ఉండి చదువుకునేవాళ్లకు కూడా వీలవుతుంది. పాసయ్యాక మీ సొంత పన్నులు సరిగ్గా కట్టారా లేదా అని చూసి లైసెన్సు ఇస్తారు. సీపీఏ లైసెన్సు రాష్ట్రం ఇస్తుంది, ఇది ఫెడరల్ ప్రభుత్వం ఇస్తుంది. అందుకే రేపు మీవారి ఉద్యోగం టెక్సాస్‌కు మారినా మీ లైసెన్సు మీతోనే వస్తుంది, హెచ్-1బీ కుటుంబాలకు ఇది చిన్న విషయం కాదు. ఆ తర్వాత మూడేళ్లకోసారి 72 గంటల చదువు పూర్తిచేసి రెన్యూ చేసుకుంటూ ఉండాలి.

ఈ లైసెన్సు పుట్టింది 1884లో. అంతర్యుద్ధంలో గుర్రాలు, సరుకులు పోయినవాళ్లు ప్రభుత్వాన్ని పరిహారం అడిగేటప్పుడు మధ్యలో దళారులు దొంగ లెక్కలు చూపించేవారు. అలాంటివాళ్లను అడ్డుకుని, జనం తరఫున మాట్లాడేవాళ్లు నమ్మదగినవాళ్లే అయి ఉండాలని చట్టం తెచ్చారు. నాకు ఈ సంగతి చాలా ఇష్టం, ఎందుకంటే మన పనిలో అసలు బరువు రిటర్ను నింపడంలో లేదు. ఫారం 2848 మీద క్లయింటు సంతకం పెట్టాడంటే, ఐఆర్‌ఎస్‌తో తన బదులు మీరు మాట్లాడతారని నమ్మి పెట్టాడన్నమాట.

ఇక ఉచిత సేవ. ముందు వీటా అనే కార్యక్రమంలో వాలంటీరుగా చేరండి. 1969 నుంచి నడుస్తోంది, తక్కువ ఆదాయం ఉన్నవాళ్లకు, ఇంగ్లీషు అంతగా రానివాళ్లకు ఐఆర్‌ఎస్ శిక్షణ ఇచ్చిన వాలంటీర్లు డబ్బు తీసుకోకుండా రిటర్ను వేసిపెడతారు. లైసెన్సు రాకముందే చేరొచ్చు, ఐఆర్‌ఎస్ పెట్టే ఆన్‌లైన్ పరీక్ష పాసైతే చాలు. జనవరి నుంచి ఏప్రిల్ 15 దాకా ఊపిరాడదు, అది నిజం, ఆ నెలల్లో నేను వారానికి ఒక సాయంత్రం మాత్రమే ఉచిత పనికి ఇస్తాను, మిగతాదంతా వేసవిలోనే. మొదటి ఏడాదే అన్నీ నెత్తిన వేసుకోకండి.

ప్రశ్న: ఎఫ్-1 మీద ఎం.ఎస్. చేస్తున్నాను. మా ఫ్రెండ్స్ రిటర్నులు నేనే వేసిపెడుతున్నాను, కొంతమంది డబ్బులిస్తామంటున్నారు. తీసుకోవచ్చా?
– ఒక విద్యార్థి, డాలస్

జవాబు: తీసుకోవద్దు బాబూ. పని అనుమతి లేకుండా డబ్బు తీసుకుంటే వీసాకే ముప్పు. పైగా డబ్బు తీసుకుని రిటర్ను తయారుచేసేవాళ్లు పీటిన్ వేసి సంతకం పెట్టాలన్నది చట్టం.

ఉచితంగా చేస్తున్నా ఒక్క మాట గుర్తుంచుకో. ఎఫ్-1 విద్యార్థులు సాధారణంగా మొదటి అయిదు క్యాలెండర్ సంవత్సరాలు పన్ను లెక్కలో నాన్‌రెసిడెంట్లు, వాళ్లు వేయాల్సింది నాన్‌రెసిడెంట్ల రిటర్ను ఫారం 1040-ఎన్ఆర్. చాలామంది పిల్లలు అందరూ వాడే సాఫ్ట్‌వేర్‌లో రెసిడెంట్లు వేసే మామూలు 1040 వేసి, తమకు వర్తించని ఎడ్యుకేషన్ క్రెడిట్ కూడా తీసుకుని, రిఫండ్ ఎక్కువొచ్చిందని సంబరపడతారు. తర్వాత దాన్ని సవరించి డబ్బు వెనక్కి కట్టడం, వీసా అప్పుడు ఏమవుతుందోనన్న టెన్షన్, ఇవన్నీ నేను చూస్తూనే ఉన్నాను. మనవాళ్లకు చట్టంగా వచ్చేది వేరే ఉంది: ఇండియా-అమెరికా పన్ను ఒప్పందంలోని 21వ ఆర్టికల్ ప్రకారం భారతీయ విద్యార్థులు నాన్‌రెసిడెంట్లుగా ఉన్నా స్టాండర్డ్ డిడక్షన్ తీసుకోవచ్చు. చాలా దేశాల పిల్లలకు ఈ వీలు లేదు. వీటాలో విదేశీ విద్యార్థుల రిటర్నుల కోసం విడిగా శిక్షణ ఉంటుంది, కొన్ని యూనివర్సిటీల్లోనే సెంటర్లు నడుస్తాయి. నీకు ఈ పని నచ్చితే అక్కడ చేరు.

ప్రశ్న: మా తెలుగు సంఘం తరఫున ట్యాక్స్ విషయాలపై సభలు పెడుతుంటాం. గ్రీన్‌కార్డు మీద వచ్చిన పెద్దవాళ్లు ఐఆర్‌ఎస్ ఉత్తరాలు పట్టుకుని వస్తారు. సభలతో సరిపెట్టకుండా ప్రభుత్వంతో మాట్లాడాలనుంది. మాలో చాలామంది సిటిజన్లు కాదు. మా మాట వింటారా?
– ఒక పాఠకుడు, ఇర్వింగ్, టెక్సాస్

జవాబు: వింటారండీ, ఏ గుమ్మం ఎక్కాలో తెలియాలి. ఐఆర్‌ఎస్‌కు సలహాలిచ్చే వాలంటీర్ల బృందం ట్యాక్స్‌పేయర్ అడ్వొకసీ ప్యానెల్‌లో సభ్యత్వం సిటిజన్లకే. మిగతా చాలా తలుపులు మనకూ తెరిచే ఉన్నాయి. కొత్త నిబంధనల ముసాయిదా వచ్చినప్పుడు ఎవరైనా అభిప్రాయం రాయొచ్చు. మీ ప్రాంత కాంగ్రెస్ సభ్యుల లోకల్ ఆఫీసులో ఐఆర్‌ఎస్ కేసులు చూసే సిబ్బంది ఉంటారు. ఐఆర్‌ఎస్ లోపలే ఉంటూ మన పక్షాన మాట్లాడే ట్యాక్స్‌పేయర్ అడ్వొకేట్ సర్వీస్ ఉంది. ఒకరి కేసు ఇరుక్కుపోయి ఇబ్బంది పడుతుంటే ఫారం 911 పంపాలి. అదే ఇబ్బంది చాలామందికి వస్తుంటే శామ్స్ అనే వాళ్ల ఆన్‌లైన్ వ్యవస్థలో రాయాలి, దానికి లైసెన్సు కూడా అక్కర్లేదు. ఈ ఆఫీసు అధిపతి ఏటా కాంగ్రెస్‌కు నివేదిక ఇస్తారు కాబట్టి మీరు రాసింది పైదాకా వెళ్లే అవకాశం ఉంది.

ఏం రాయాలంటారా? ముందుగా భాష సంగతి రాయండి. రిటర్నుతో పాటు షెడ్యూల్ ఎల్ఈపీ జతచేస్తే ఐఆర్‌ఎస్ ఉత్తరాలు మనం కోరిన భాషలో తెప్పించుకోవచ్చు. ఆ జాబితాలో 20 భాషలున్నాయి. గుజరాతీ, పంజాబీ, బెంగాలీ, ఉర్దూ ఉన్నాయి, తెలుగు లేదు. ఇన్ని లక్షల మందిమి ఇక్కడ పన్ను కడుతున్నాం, మన అమ్మానాన్నలకు సీపీ2000 నోటీసు (రిటర్నులో చూపిన ఆదాయం ఐఆర్‌ఎస్ దగ్గరున్న వివరాలతో కలవలేదని వచ్చే ఉత్తరం) వస్తే అందులో సాధారణంగా 30 రోజుల గడువే ఉంటుంది, కొడుకో కూతురో తీరిక చేసుకుని చదివేసరికి అది కాస్తా దాటిపోతుంది. ఎన్‌ఆర్‌ఈ (ప్రవాసుల బ్యాంకు ఖాతా) డిపాజిట్ వడ్డీకి ఇండియాలో పన్ను లేదు కాబట్టి ఇక్కడా లేదనుకునేవాళ్లు, ఊళ్లోని ఇంటి అద్దె ఇక్కడ చూపించాలని తెలియనివాళ్లు ఎంతమందో. అమెరికా బయట ఉన్న అకౌంట్లన్నీ కలిపి ఏడాదిలో ఏ ఒక్క రోజైనా 10,000 డాలర్లు దాటితే ఎఫ్‌బార్ (విదేశీ అకౌంట్ల రిపోర్టు) వేయాలన్న సంగతి వాళ్లకు తెలుగులో చెప్పినవాళ్లేరి?

ఎఫ్‌బార్ విషయంలో ఒక్కడు పోరాడితే ఏమవుతుందో 2023లో చూశాం. రొమేనియాలో పుట్టి అమెరికన్ అయిన బిట్నర్ అనే ఆయనకు, కావాలని చేయని తప్పుకే, ఒక్కో అకౌంటుకూ లెక్కగట్టి 27.2 లక్షల డాలర్ల జరిమానా వేశారు. సుప్రీంకోర్టు 5-4 తీర్పుతో, జరిమానా అకౌంటుకు కాదు, ఏడాదికి వేయాల్సిన ఒక్కో రిపోర్టుకే అని తేల్చింది. మొత్తం 50,000 డాలర్లకు దిగింది. ఆ తీర్పు మన పెద్దవాళ్లకూ వర్తిస్తుంది.

మీ సభలకు వచ్చేవాళ్ల అనుభవాలు రాసుకోండి: ఏ నోటీసు వచ్చింది, ఎందుకు అర్థం కాలేదు, ఎంత నష్టం జరిగింది. పేర్లు, నంబర్లు మాత్రం రాయకండి. మాలాంటి ప్రిపేరర్లు క్లయింటు వివరాలు అనుమతి లేకుండా బయటపెడితే అది నేరం కూడా. అవి దగ్గర పెట్టుకుని శామ్స్‌లో రాయండి, అదే కాగితం కాంగ్రెస్ సభ్యుల ఆఫీసుకూ ఇవ్వండి. ఈలోగా మీ దగ్గరికి వచ్చే పెద్దవాళ్లకు, ఐఆర్‌ఎస్‌కు ఫోన్ చేసినప్పుడు తెలుగు దుబాసీ కావాలని అడగమని చెప్పండి. ఆ సేవ ఉచితం. ఆదాయం తక్కువగా ఉండి కేసు పెద్దదైతే లో ఇన్‌కమ్ ట్యాక్స్‌పేయర్ క్లినిక్‌కు పంపండి, అక్కడ లాయర్లు, ఎన్‌రోల్డ్ ఏజెంట్లు ఉచితంగానో నామమాత్రపు ఫీజుకో కేసు చూస్తారు.