పఖ్తకోర్ 'కోసం' ఆడాడా, పఖ్తకోర్‌'కి' ఆడాడా?

సందేహం: ఉజ్బెకిస్తాన్ 2026 వరల్డ్ కప్‌కి క్వాలిఫై అయినప్పట్నుంచీ ఆ దేశం ఆటగాళ్ళ గురించి తెలుగులో చిన్న చిన్నగా రాస్తున్నానండి. సెర్వర్ జెపారోవ్ గురించి ఇలా మొదలుపెట్టాను (పఖ్తకోర్, బున్యోద్కోర్ ఆయన ఆడిన క్లబ్బులు). "సెర్వర్ జెపారోవ్ ఒక ఉజ్బెక్ వృత్తిపరమైన ఫుట్‌బాల్ క్రీడాకారుడు, ఎవరైతే మిడ్‌ఫీల్డర్‌గా ఆడాడో. అతను పఖ్తకోర్ కోసం, బున్యోద్కోర్ కోసం ఆడాడు. జాతీయ జట్టు కోసం 128 టోపీలు గెలుచుకున్నాడు. ఖతార్‌కు వ్యతిరేకంగా గోల్ సాధించాడు. 2005లో అతని గోల్ రిఫరీ చేత తిరస్కరించబడింది." మా తమ్ముడు చదివి ఇది తెలుగేనా అని ఒకటే నవ్వు. ప్రతి మాటా తెలుగే కదండీ, మరి తప్పెక్కడుంది? పనిలో పనిగా, తరఫున అనాలా తరపున అనాలా, డ్జెపరోవ్ అని రాయాలా జెపారోవ్ అని రాయాలా అది కూడా చెప్పండి.

సమాధానం: మాటలు తెలుగువే, మీ తమ్ముడు నవ్వడమూ న్యాయమే. ముందు ఆ 'కోసం' సంగతి చూద్దాం, ఎందుకంటే ఈమధ్య స్పోర్ట్స్ వార్తల్లో ఎక్కడ చూసినా అదే కనిపిస్తోంది.

మనం 'కోసం' ఎప్పుడు వాడతాం? పిల్లల కోసం కష్టపడ్డాడు, ఉద్యోగం కోసం తిరుగుతున్నాడు, బస్సు కోసం చూస్తున్నా. అంటే ఎవరి మేలో కోరి ఒక పని చేస్తేనో, ఏదో కావాలని వెతుక్కుంటేనో, ఎదురుచూస్తేనో ఆ మాట వస్తుంది. ఇప్పుడు 'పఖ్తకోర్ కోసం ఆడాడు' అని చదివితే నాకైతే పాపం ఆయనకి వేరే పనేదో ఉండగా ఆ క్లబ్బు మీద అభిమానం కొద్దీ వచ్చి ఆడిపెట్టాడేమో అనిపిస్తుంది. జీతం తీసుకుని ఆరేళ్ళు ఒక క్లబ్బులో ఆడిన మనిషి గురించి చెప్పేటప్పుడు మనవాళ్ళు అనేది 'పఖ్తకోర్‌కి ఆడాడు' అనే. ఇది కొత్తగా నేను పుట్టించిందేం కాదు, క్రికెట్ గురించి మాట్లాడుకునే ఎవర్ని కదిపినా 'హైదరాబాద్‌కి రంజీ ఆడాడు', 'వాడిప్పుడు చెన్నైకి ఆడుతున్నాడు' అనే అంటారు. ఫుట్‌బాల్‌లో కూడా అంతే, సికింద్రాబాద్ అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరామ్ కలకత్తా వెళ్ళి ఈస్ట్ బెంగాల్‌కి ఆడాడు, 1962 ఏషియన్ గేమ్స్‌లో గోల్డ్ కొట్టిన ఇండియా టీమ్‌లో ఆడాడు. ఇందులో 'కోసం' ఎక్కడైనా కావాల్సొచ్చిందా?

'తరఫున' వేరు. రెండు పక్షాలున్న చోట ఒక పక్షాన నిలబడ్డం అది. పెళ్ళిలో అబ్బాయి తరఫు వాళ్ళు, కోర్టులో వాది తరఫు లాయరు, అలాగన్నమాట. అందుకే దేశం జట్టుకి, ముఖ్యంగా ఫలానా టీమ్ మీద ఆడిన మ్యాచ్ గురించి చెప్పేటప్పుడు 'ఉజ్బెకిస్తాన్ తరఫున ఆడాడు' బాగా అతుకుతుంది. ఏళ్ళ తరబడి ఒక క్లబ్బులో ఉన్న సంగతికి 'కి', 'లో' హాయిగా ఉంటాయి. తేడా సన్నటిదే, 'పఖ్తకోర్ తరఫున' అన్నా ఎవరూ తప్పు పట్టరు, కానీ పదిసార్లు 'తరఫున తరఫున' అని రాస్తే చదివేవాళ్ళకి విసుగొస్తుంది.

ఇదే పద్ధతిలో ఆయన క్లబ్ కెరీర్ మొత్తం చెప్పి చూస్తాను, 'కోసం' లేకుండా బండి నడుస్తుందో లేదో మీరే చూడండి. జెపారోవ్ 1982 అక్టోబర్ 3న తాష్కెంట్ దగ్గర చిర్చిక్‌లో పుట్టాడు, ఎడమకాలి వాటం, మొదట నమంగాన్‌లో నవ్‌బహోర్‌కి ఆడాడు, 2002లో తాష్కెంట్ వచ్చి పఖ్తకోర్‌లో చేరాడు, ఆయన ఉన్న ఆ ఆరేళ్ళూ, అంటే 2002 నుంచి 2007 దాకా, దేశం లీగ్ టైటిల్ వరసగా పఖ్తకోర్‌దే. 2008లో బున్యోద్కోర్‌కి మారాడు, అదే ఏడాది రివాల్డో కూడా బ్రెజిల్ దిగ్గజం హోదాలో ఆ క్లబ్బుకే వచ్చాడు, ఆ టీమ్ ఏషియన్ చాంపియన్స్ లీగ్ సెమీస్ దాకా వెళ్ళింది, జెపారోవ్‌కి ఆ ఏడు ఆసియా ఉత్తమ ఫుట్‌బాలర్ అవార్డు వచ్చింది, ఉజ్బెకిస్తాన్ నుంచి ఆ అవార్డు అందుకున్న మొదటి మనిషి ఆయనే. 2010లో బున్యోద్కోర్ కొన్నాళ్ళకని పంపితే లోన్ మీద కొరియా వెళ్ళి ఎఫ్‌సీ సియోల్‌లో ఆడాడు, ఆ సీజన్‌లో అక్కడి 'కే లీగ్' చాంపియన్ సియోలే. 2011లో అక్కణ్ణుంచి సౌదీలో అల్ షబాబ్‌కి, ఆ టీమ్ 2011-12 లీగ్‌ని ఒక్క మ్యాచ్ కూడా ఓడకుండా గెలిచింది, 2011కి ఆసియా ఉత్తమ ఫుట్‌బాలర్ అవార్డు రెండోసారి ఆయనకే. తర్వాత మళ్ళీ కొరియా వచ్చి సియోంగ్నామ్, ఉల్సాన్, ఆ తర్వాత ఇంటికొచ్చి లోకోమోటివ్ తాష్కెంట్, ఇంకొన్నాళ్ళు ఇరాన్‌లో ఎస్తెగ్లాల్.

చూశారుగా, ఒక్క 'కోసం' పడలేదు. లోన్ దగ్గర కొందరు 'అప్పుగా వెళ్ళాడు', 'రుణంపై తరలించబడ్డాడు' అని రాస్తున్నారు, మనిషిని బ్యాంకు బాకీ చెయ్యకండి బాబూ, లోన్ మీద వెళ్ళాడంటే అందరికీ తెలుస్తుంది.

అయితే 'కోసం' సరిగ్గా సరిపోయే చోటు కూడా ఒకటుంది. మిడ్‌ఫీల్డర్ తనే షాట్ కొట్టే అవకాశం వదులుకుని పక్కవాడికి పాస్ ఇస్తే, 'అతను తన కోసం ఆడడు, టీమ్ కోసం ఆడతాడు' అంటాం. ఇక్కడ 'టీమ్‌కి ఆడతాడు' అంటే అర్థమే మారిపోతుంది. ఒక మనిషి సియోల్‌కి ఆడుతూ సియోల్ కోసం ఆడకపోవచ్చు కూడా, అలాంటి వాళ్ళని ప్రతి లీగ్‌లోనూ చూస్తాం. రెంటికీ ఒకే మాట వాడేస్తే ఈ తేడా చెప్పే వీలే పోతుంది, నా గొడవంతా అదే.

ఇక 'ఖతార్‌కు వ్యతిరేకంగా'. వ్యతిరేకంగా అంటే మనకి ధర్నాలు, ఓట్లు, తీర్మానాలు గుర్తొస్తాయి. ఆటలో 'మీద' ఉంది, 'చేతిలో' ఉంది. 2011 ఏషియన్ కప్ మొదటి మ్యాచ్‌లో ఉజ్బెకిస్తాన్ ఖతార్ మీద వాళ్ళ సొంత గడ్డ మీదే 2-0తో గెలిచింది, మొదటి గోల్ దూరం నుంచి ఒదీల్ అహ్మదోవ్ కొట్టాడు, రెండోది జెపారోవ్ కొట్టాడు. సెమీస్‌లో ఆస్ట్రేలియా చేతిలో 6-0తో చిత్తుగా ఓడింది, మూడో ప్లేస్ మ్యాచ్‌లో కొరియా చేతిలో 3-2తో ఓడి నాలుగో స్థానంతో సరిపెట్టుకుంది. గెలిస్తే 'మీద', ఓడితే 'చేతిలో', ఇంత చక్కటి ఏర్పాటు చేతిలో పెట్టుకుని ప్రతిదానికీ 'వ్యతిరేకంగా' ఎందుకండీ? గోల్ కూడా 'సాధించాడు' అనక్కర్లేదు, కొట్టాడు, వేశాడు, చేశాడు, మూడూ జనం అంటున్నవే.

అన్నిటికంటే ఇబ్బంది పెట్టింది మీ చివరి వాక్యం. 'అతని గోల్ రిఫరీ చేత తిరస్కరించబడింది.' ఈ 'బడు' వాడకం గురించి చాలామంది చాలాసార్లు చెప్పారు కాబట్టి సిద్ధాంతం జోలికి పోను. కానీ ఆ 2005 గొడవలో ఎవరు ఏం చేశారన్నదే అసలు కథ, చేసినవాణ్ణి వాక్యం మొదట్లో నిలబెట్టకపోతే ఆ కథ ఎవరికీ అర్థం కాదు.

జరిగింది ఇదీ. 2006 వరల్డ్ కప్ క్వాలిఫయింగ్‌లో ఆసియా ప్లేఆఫ్, సెప్టెంబర్ 3న తాష్కెంట్‌లో ఉజ్బెకిస్తాన్‌కీ బహ్రెయిన్‌కీ మ్యాచ్. ఉజ్బెకిస్తాన్ 1-0తో ముందుంది, ఇంతలో వాళ్ళకి పెనాల్టీ వచ్చింది, జెపారోవ్ బంతిని నెట్‌లోకి కొట్టాడు. కానీ కొట్టకముందే ఉజ్బెకిస్తాన్ ఆటగాడొకడు బాక్స్‌లోకి దూరాడని జపాన్ రిఫరీ యోషిదా గోల్ ఇవ్వలేదు. అంతవరకూ బాగానే ఉంది, అప్పటి రూల్ ప్రకారం ఆ పెనాల్టీ మళ్ళీ కొట్టించాలి. ఆయన కొట్టించలేదు, బహ్రెయిన్‌కి ఫ్రీకిక్ ఇచ్చాడు. మ్యాచ్ 1-0తోనే అయిపోయింది. గెలిచినవాళ్ళు ఊరుకోవచ్చు కదా, ఊరుకోలేదు, రిఫరీ రూల్ తప్పాడు కాబట్టి మాకు 3-0 ఇవ్వండని ఉజ్బెకిస్తాన్ ఫెడరేషన్ ఫిఫాకి ఫిర్యాదు చేసింది. ఫిఫా రూల్ తప్పిన మాట నిజమేనంది, 3-0 మాత్రం ఇవ్వలేదు, అసలు ఆ మ్యాచ్‌నే లెక్కలోంచి తీసేసి మళ్ళీ ఆడమంది. అక్టోబర్‌లో తాష్కెంట్‌లోనే మళ్ళీ ఆడితే 1-1, తర్వాత బహ్రెయిన్‌లో 0-0. రెండు మ్యాచ్‌లూ కలిపితే లెక్క సమానమే, కానీ అవతలి గడ్డ మీద గోల్ కొట్టినందుకు బహ్రెయిన్ ముందుకెళ్ళింది, ఉజ్బెకిస్తాన్ ఇంటికెళ్ళింది. చేతిలో ఉన్న 1-0 పోయింది, అడిగిన 3-0 రాలేదు.

ఇందులో రిఫరీ చేసింది ఒకటి, ఫెడరేషన్ చేసింది ఒకటి, ఫిఫా చేసింది ఒకటి. ఇదే కథని 'గోల్ తిరస్కరించబడింది, ఫ్రీకిక్ ఇవ్వబడింది, ఫిర్యాదు చేయబడింది, ఫలితం రద్దు చేయబడింది' అని రాసి చూడండి. ఎవరి తప్పుకి ఎవరు బలయ్యారో తెలీదు, వానలు పడ్డాయి వరదలొచ్చాయి అన్నట్టుంటుంది.

'ఎవరైతే మిడ్‌ఫీల్డర్‌గా ఆడాడో' గురించి రెండు ముక్కలు. 'ఎవరు' తో మొదలయ్యే ఇలాంటి వాక్యం మనకి లేకపోలేదు, 'ఎవరు తీసిన గోతిలో వాళ్ళే పడతారు', 'ఎవరైతే ముందొస్తారో వాళ్ళకే సీటు'. కానీ అది ఫలానా అని తెలియని మనిషి గురించి. జెపారోవ్ అని పేరు పెట్టి చెప్పేశాక ఇంకా 'ఎవరైతే' ఏమిటి? 'మిడ్‌ఫీల్డ్‌లో ఆడే జెపారోవ్' అంటే సరిపోతుంది, లేదా రెండు వాక్యాలు చేసెయ్యండి. 'వృత్తిపరమైన' కూడా తీసెయ్యండి, ఇన్ని దేశాల్లో ఇన్ని క్లబ్బులకి ఆడినవాడు సరదాకి ఆడలేదని చదివేవాళ్ళకి తెలీదా? మరీ కావాలంటే ప్రొఫెషనల్ అనండి. 'ఒక' మాత్రం అస్సలు వద్దు, ఆయన ఒకడేనని తెలుసు.

టోపీల గురించి అయితే మీ తమ్ముడు నవ్వకుండా ఎలా ఉంటాడు? ఇంగ్లీషు వాళ్ళు పూర్వం దేశం జట్టుకి ఆడినవాళ్ళకి నిజంగానే టోపీ ఇచ్చేవాళ్ళు, ఎన్ని మ్యాచ్‌లాడితే అన్ని 'క్యాప్‌లు' అని వాళ్ళ భాషలో ఆ లెక్క అలా స్థిరపడిపోయింది. మన దగ్గర టోపీ పెట్టడమంటే ఏమిటో అందరికీ తెలిసిందే, 128 టోపీలంటే ఆయన మీద కేసు పెట్టాల్సొస్తుంది. 'ఉజ్బెకిస్తాన్ తరఫున 128 మ్యాచ్‌లు ఆడి 25 గోల్స్ కొట్టాడు' అనండి చాలు.

మీరు అడక్కపోయినా 'ఉజ్బెక్' దగ్గర ఒక మాట చెప్పాలి. ఉజ్బెక్ అన్నది ఒక జాతి పేరు, ఉజ్బెకిస్తాన్ అన్నది దేశం పేరు. జెపారోవ్ ఉజ్బెక్ జాతివాడు కాదు, క్రిమియా తాతారు. 1944లో స్టాలిన్ ప్రభుత్వం క్రిమియా తాతార్లని మొత్తానికి మొత్తంగా ఇళ్ళలోంచి లేపి సరుకు రైళ్ళలో తోలేసింది, వాళ్ళలో ఎక్కువమంది ఉజ్బెకిస్తాన్‌లో పడ్డారు, చిర్చిక్ లాంటి ఊళ్ళలో వాళ్ళ పిల్లలు, మనవలు పెరిగారు. కాబట్టి 'ఉజ్బెకిస్తాన్ ఆటగాడు' అంటే ఏ చిక్కూ లేదు, ఆ దేశంలో రష్యన్లూ తాజిక్కులూ కొరియా వాళ్ళూ కూడా ఉన్నారు, ఎవరికైనా సరిపోతుంది. అహ్మదోవ్‌ని ఉజ్బెక్ ఆటగాడని అంటే అనొచ్చు, జెపారోవ్‌ని అంటే తప్పు సమాచారం ఇచ్చినట్టవుతుంది.

డు, రు సంగతి కూడా అడుగుతారేమో. 'ఆడాడు' అనే రాయండి. ఆటగాళ్ళ విషయంలో మనకి ఏకవచనం అగౌరవం కాదు, సచిన్‌నే 'కొట్టాడు' అంటాం. కోచ్ పెద్దాయనైతే, ఆయన మాటలు చెప్తున్నప్పుడైతే 'అన్నారు' అనండి.

తరఫున, తరపున రెండూ వాడుకలో ఉన్నాయి. అరబ్బీ నుంచి ఉర్దూ మీదుగా వచ్చిన మాట కాబట్టి మూలానికి దగ్గరగా ఉండేది ఫ ఉన్నదే, నేను అదే రాస్తాను, కానీ పలికేటప్పుడు ప అనేవాళ్ళే ఎక్కువ, అలా రాస్తే దిద్దక్కర్లేదు. తమాషా ఏంటంటే ఈ తరఫ్ ఉజ్బెక్ భాషలోనూ ఉంది, పక్షం అనే అర్థంలోనే, కాబట్టి ఆ మాట వాళ్ళకీ మనకీ చుట్టమే.

పేరు సంగతి. రష్యన్ లిపిలో 'జ' కి విడి అక్షరం లేదు, ద, ఝ లాంటి రెండక్షరాలు కలిపి రాస్తారు, దాన్ని ఇంగ్లీషులోకి దించినప్పుడు ముందు డి వచ్చి కూచుంది. మనకి జ నిక్షేపంలా ఉంది, ఆ డి ని మోసుకురానక్కర్లేదు, జెపారోవ్ అని రాయండి. అదే పద్ధతి జెకో పేరుకీ పనికొస్తుంది, బోస్నియా స్ట్రైకర్‌ని డ్జెకో అని రాసి నాలుక తిప్పుకోలేక అవస్థ పడేవాళ్ళు చాలామంది ఉన్నారు.