ఇల్లు లేనివారి మీద డాక్యుమెంటరీలు తీస్తే వారికి ఒరిగేదేమిటి?

ఒరిగేది ఉంది. అయితే అది చూసేవాళ్ల చేత కంటతడి పెట్టించే చిత్రాల వల్ల కాదు, ఫలానాది కావాలని అడిగే చిత్రాల వల్ల. విజయవాడలో పెళ్లి వీడియోలు తీసి బతికే నేను, ఒక స్వచ్ఛంద సంస్థ కోరితే, ఏలూరు కాలువ గట్టున పడుకునేవారి మీద 18 నిమిషాల చిత్రం తీసి ఈ సంగతి తెలుసుకున్నాను.

అందులో ముఖ్యంగా కనిపించేది నిమ్మకాయలు అమ్మే ఒకామె. తెల్లవారుజామునే కాళేశ్వరరావు మార్కెట్‌లో సరుకు ఎత్తి, పగలంతా తోపుడు బండి మీద అమ్మి, రాత్రికి ఆ బండి చక్రానికీ తన కాలికీ ఒకే తాడు కట్టుకుని ఫుట్‌పాత్ మీద నిద్రపోయేది. ఆ తాడును చాలా దగ్గరగా, చాలాసేపు తీసి, వెనక వయొలిన్ పెట్టి, ఎంతో గొప్ప పని చేశాననుకున్నాను. ఎడిటింగ్ అయ్యాక ఒక రాత్రి గట్టు మీదే తెల్ల దుప్పటి కట్టి వాళ్లకు చూపించాం. అందరూ తమ ముఖాలు చూసుకుని నవ్వుకుంటుంటే, ఆమె మాత్రం, "తాడు చూపించావు, బాగానే ఉంది. అది ఎందుకు కట్టుకుంటున్నానో చెప్పానుగా, అదేది బాబూ?" అని అడిగింది.

దాన్ని కోసేసింది నేనే. ఆమె రెండు రాత్రులు నిరాశ్రయుల వసతి గృహంలో పడుకుని వచ్చిన మనిషే. అక్కడ ఆడవాళ్లకే చోటు కనుక భర్త బయట ఉండాలి. బండిని లోపలికి రానివ్వరు. మూడో రోజు పొద్దున వచ్చి చూసుకుంటే బండికి ఒక చక్రం లేదు. వసతి గృహం ఉందని తెలిస్తే జనానికి జాలి తగ్గుతుందేమోనని భయపడి ఆ నిమిషంన్నర తీసేశాను. చిత్రం మొత్తంలో ఒక అధికారి చేయగలిగిన పనంటూ ఉన్నది ఆ నిమిషంన్నరలోనే!

డ్రోన్‌తో ప్రకాశం బ్యారేజీని చూపించనిదే మా వాళ్లకు ఏ చిత్రమూ మొదలు కాదు. డబ్బు పెట్టినవారి గుర్తు పడనిదే ముగియదు. 1935లో లండన్ మురికివాడల వాసుల చేత కెమెరా ముందు నేరుగా మాట్లాడించిన ‘హౌసింగ్ ప్రాబ్లమ్స్’ చిత్రానికి సొమ్ము గ్యాస్ పరిశ్రమదే అయినా, కనీసం అందులో ఎలుకల గురించీ నల్లుల గురించీ ఆ ఇళ్లవాళ్లే చెప్పుకున్నారు.

ఫుట్‌పాత్ వాసులు పనికి దగ్గరగా ఉండటానికే అక్కడ ఉంటారనీ, జీవించే హక్కులో జీవనోపాధి కూడా భాగమేననీ 1985లో బొంబాయి ఫుట్‌పాత్ వాసుల తొలగింపు మీద నడిచిన ఓల్గా టెల్లిస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది, తొలగింపులను మాత్రం ఆపలేదు. లక్ష జనాభాకు వంద మందికి శాశ్వత వసతి, మనిషికి 50 చదరపు అడుగులు అని 2013 నాటి కేంద్ర మార్గదర్శకాలు అన్నాయి. 2011 జనాభా లెక్కలకే పది లక్షలు దాటిన మా ఊళ్లో, నిమ్మకాయల బండికి ఎన్ని అడుగులో మాలాంటి చిత్రాలవాళ్లం ఎవరమూ అడగలేదు.

వయొలిన్ తీసేసి, ఆమె మాటలు తిరిగి పెట్టి, ఆ చిత్రాన్ని ఒక అధికారికి చూపించాం. ఆయన అడిగింది ఒక్కటే: "ఇలాంటి బండ్లు ఎన్ని ఉంటాయి?" రెండు నెలలకు వసతి గృహం వెనక ఇనుప కమ్మీ పాతి గొలుసులు బిగించారు. భార్యాభర్తలకు కలిపి గది ఇంకా రాలేదు కనుక, ఆమె రోజూ బండిని అక్కడ కట్టేసి, పడుకోవడానికి మాత్రం భర్త ఉండే కాలువ గట్టుకే నడిచి వస్తోంది.