ఖీమా మెషీన్‌లో మటన్ గుజ్జులా వస్తోందా? ముందు బ్లేడు తీసి చూడండి

మీ ప్రశ్న: "మిక్సీలో వేస్తే ఖీమా పేస్టు అయిపోతోందని చేత్తో తిప్పే మెషీన్ కొన్నాం. అందులోనూ గుజ్జులా, నీళ్లు కారుతూ వస్తోంది. మెషీన్ నాసిరకమా? కరెంటుది కొనుక్కోవాలా?"

మెషీన్ వాపసు ఇచ్చే ముందు ఒక్క పని చేయండి. ముందు భాగంలోని రింగు విప్పి, బ్లేడు ఏ వైపుకు ఉందో చూడండి. నాలుగు రెక్కల బ్లేడుకు ఒక పక్క చదునుగా, రెండో పక్క ఉబ్బెత్తుగా ఉంటుంది. చదును పక్క బయటికి, అంటే చిల్లుల జాలీని తాకుతూ ఉండాలి. మీది ఉల్టా ఉందని పందెం కాయను గానీ, నా అనుమానం మాత్రం దాని మీదే. నేను అలా ఉల్టా పెట్టి నాలుగు నెలలు తిప్పాను మరి.

బేగంబజార్‌లో పది నంబరు మెషీన్ కొన్నాను. పోత ఇనుముది, పైన తగరం పూత. డైనింగ్ టేబుల్‌కు క్లాంపు బిగించి, కింద గుడ్డ ముక్క పెట్టి తిప్పితే భుజం పట్టేసేది కానీ ఖీమా వచ్చేది కాదు. జాలీలోంచి పాచిపోయిన పిండిలా తెల్లగా, సాగుతూ ఏదో కారేది. మా అత్తగారిది తెనాలి, ఆవిడ కైమా అంటారు. మాది హనుమకొండ, మేం ఖీమా అంటాం. ఆ నాలుగు నెలలూ వచ్చింది మాత్రం ఇటు ఖీమా కాదు, అటు కైమా కాదు. "దీనికన్నా రోట్లో దంచుకుంటే పోయేది కదమ్మా" అని ఆవిడ ఓ ఆదివారం మెల్లగా అననే అన్నారు.

చివరికి ఆ సామానంతా సంచిలో వేసుకుని మేం ఎప్పుడూ మటన్ తెచ్చుకునే కొట్టుకు పోయాను. ఆయన బ్లేడు చేతిలోకి తీసుకుని, ఒకసారి అటూ ఇటూ తిప్పి, "అక్కా, ఉల్టా వెట్టినవ్ గదా, ఇది కోస్తలేదు, రుద్దుతుంది" అన్నాడు. అంతే. నాలుగు నెలల కష్టం నాలుగు మాటల్లో తేలిపోయింది.

ఆయన అన్న ఆ "కోస్తలేదు, రుద్దుతుంది" అర్థమైతే మెషీన్ మొత్తం అర్థమైనట్టే. తొట్టిలో వేసిన ముక్క గొట్టంలోకి జారుతుంది, లోపల స్క్రూ తిరుగుతూ దాన్ని ముందుకు తోస్తుంది. గొట్టం లోపలి గోడకు గాళ్లు ఉంటాయి, వేలితో తడిమితే తెలుస్తాయి. అవి లేకపోతే ముక్క స్క్రూతో పాటు గుండ్రంగా తిరుగుతూ ఉంటుందే తప్ప ముందుకు పోదు. స్క్రూ చివరి నలుపలకల మొనకు బ్లేడు తగులుకుని దాంతో పాటే తిరుగుతుంది. జాలీ మాత్రం తిరగదు. దాని అంచున ఉన్న గంటు గొట్టంలోని చిన్న మేకు మీద కూర్చుని కదలకుండా పట్టుకుంటుంది. స్క్రూ ఒత్తిడికి మాంసం చిల్లుల్లోకి చొచ్చుకువస్తుంటే బ్లేడు ఆ చిల్లును రాసుకుంటూ పోయి తెంపుతుంది. అంటే కత్తెరకు ఒక రెక్క బ్లేడు, రెండో రెక్క చిల్లు అంచు. కత్తెర మర వదులైతే గుడ్డ తెగకుండా రెండు రెక్కల మధ్య మడత పడి ఇరుక్కుంటుంది చూడండి, ఇక్కడా అదే జరుగుతుంది.

కాబట్టి బ్లేడు సరిగ్గా పెట్టాక రెండోది రింగు బిగింపు. వదులుగా ఉంటే బ్లేడుకూ జాలీకీ మధ్య సందు వచ్చి మాంసం నలుగుతుంది. మరీ బిగిస్తే ఇనుమూ ఇనుమూ రాసుకుని నల్లటి పొడి రాలుతుంది. నేను చేత్తో ఆగేదాకా బిగించి, హ్యాండిల్ తిప్పి చూసి, భారంగా అనిపిస్తే పిసరంత వదులు చేస్తాను. ఖాళీ మెషీన్‌ను మాత్రం ఊరికే తిప్పకండి. లోపల మాంసం తడి ఉంటేనే ఆ రాపిడికి కాస్త జారుడు. కొత్త మెషీన్ అయితే మొదటి గుప్పెడు పనికిరాని కొవ్వు, పొరలు వేసి తిప్పి పారేయండి, ఆ నలుపంతా దాంతో పోతుంది.

ఇక మాంసం సంగతి. గుజ్జు కావడానికి బ్లేడు తర్వాత పెద్ద కారణం వేడి. మటన్ కొవ్వు వెచ్చబడితే తెగదు, జాలీకి పూసుకుపోతుంది. చిల్లులు మూసుకుని, వెనకున్న మాంసం పిసికినట్టయి నీరు బయటికొస్తుంది. మీకు నీళ్లు కారుతున్నది బహుశా ఇందుకే. బోన్‌లెస్ తెచ్చాక తెల్లటి పొరలు, నరాలు తీసేయాలి. ఇది విసుగే, కానీ తప్పదు. ఒక్క పొడుగాటి నరం చాలు, బ్లేడు చుట్టూ దారంలా చుట్టుకుని మొత్తం పని ఆపేస్తుంది. తర్వాత తొట్టిలోకి జారేంత వెడల్పులో పొడుగు ముక్కలు కోసి, పళ్లెంలో ఒకదాని మీద ఒకటి పడకుండా పరిచి, 30, 40 నిమిషాలు డీప్ ఫ్రిజ్‌లో పెట్టండి. వేలితో నొక్కితే పైన గట్టిగా, లోపల ఇంకా మెత్తగా తగలాలి. రాయిలా గడ్డ కడితే మళ్లీ కష్టం. స్క్రూ, బ్లేడు, జాలీలను కూడా ఓ డబ్బాలో వేసి దాంతో పాటే చల్లబెట్టేస్తాను. కడిగిన మాంసమైతే నీరంతా వడకట్టి, గుడ్డతో అద్దాకే.

నడుస్తుండగా జాలీ వైపు చూడండి. ప్రతి చిల్లులోంచీ ఎర్రగా, విడివిడిగా, సేమ్యాల్లా రావాలి. అన్నీ కలిసి తెల్లగా మెరుస్తూ ముద్దలా వస్తున్నాయంటే ఆపేయండి. బలంగా తోస్తే బాగుపడదు. రింగు విప్పి, బ్లేడుకు చుట్టుకున్న నరం లాగేసి, మళ్లీ బిగించి మొదలుపెట్టాలి. తోయడానికి దాంతో వచ్చిన కట్టెనే వాడండి, వేలు ఎప్పుడూ వద్దు. మా ఇంట్లో పిల్లలు హ్యాండిల్ తిప్పుతామని ముచ్చటపడతారు. వాళ్లు తిప్పేటప్పుడు తొట్టి దగ్గర నేనుంటాను.

జాలీల విషయంలో కూరకు 5, 6 మిల్లీమీటర్ల చిల్లులు చాలు. మెంతికూర ఖీమాకైనా, గోంగూర ఖీమాకైనా పలుకు తగలాలి కదా. ఖీమా ఉండలకు, సీఖ్ కబాబ్‌కు 3 మిల్లీమీటర్లది. అయితే తిన్నగా 3లో వేయకండి, మొదట పెద్ద చిల్లుల్లో ఒకసారి తీసి, మళ్లీ చల్లబెట్టి, రెండోసారి సన్నదాంట్లో వేస్తే సుళువు. మెషీన్ మీద ఉండే 8, 12, 22, 32 అన్నవి చిల్లుల సైజు కాదు, నోటి సైజు. 8 అంటే జాలీ సుమారు 62 మిల్లీమీటర్ల వెడల్పు, 12 అంటే 70, 22 అంటే 82, 32 అంటే 100. విడి జాలీ కొనేటప్పుడు ఈ నంబరు చెప్పకపోతే ఇంటికొచ్చాక పట్టదు, మళ్లీ పరుగు.

హలీంకు మాత్రం దీన్ని వాడకండి. 2010లో భౌగోళిక గుర్తింపు పొందిన హైదరాబాదీ హలీంలో మాంసాన్ని కోయరు, ఉడికాక గోధుమలతో పాటు కట్టెతో దంచుతారు. అక్కడ సాగే పీచు కావాలి, మన మెషీన్ ఆ పీచునే తెంపేస్తుంది.

మిక్సీలో పేస్టు ఎందుకవుతుందో కూడా ఇప్పుడు మీకు తెలిసిపోయే ఉంటుంది. దాని బ్లేడుకు ఎదురుగా జాలీ లాంటిదేమీ లేదు, ముక్కను కొట్టి కొట్టి చిదుపుతుంది, పైగా వేడెక్కిస్తుంది. తప్పనిసరైతే సగం గడ్డకట్టిన ముక్కలు ఒక పిడికెడు మాత్రమే వేసి, నాబ్‌ను వెనక్కి టక్ టక్‌మని నాలుగైదుసార్లు తిప్పి ఆపేయండి.

కరెంటుది కొనాలా అంటే, నెలకు రెండుసార్లు కిలో కిలో చేసుకునే ఇంటికి అక్కర్లేదనే నా అభిప్రాయం. కిలోకు నాకు పావుగంట పడుతుంది. (ఈ మెషీన్ కనిపెట్టిన ఘనత జర్మనీకి చెందిన కార్ల్ డ్రైస్‌కు ఇస్తారు. 1817లో తొక్కుడు లేని రెండు చక్రాల బండి చేసి కాళ్లతో నేలను తన్నుకుంటూ నడిపింది కూడా ఆయనే. రెండింట్లోనూ మన ఒంటికి పని తప్పలేదు.) కొంటే గనక డబ్బా మీద పెద్దక్షరాల్లో ఉండే 2000 వాట్లు చూసి మోసపోకండి. అది చాలాసార్లు మోటారు ఇరుక్కుని ఆగిపోయే క్షణంలో లాగే గరిష్ఠ లెక్క. మామూలుగా నడిచేటప్పటి వాట్లు వేరేగా, చిన్నక్షరాల్లో ఉంటాయి. దాన్ని చూడండి, రివర్స్ బటన్ ఉందో లేదో చూడండి. ఎముకలు వేయొద్దు.

కొట్లోనే తీయించుకుంటే పోలేదా అంటే, అదీ మంచిదే, నేనూ చాలాసార్లు అదే చేస్తాను. కాకపోతే పెద్ద మెషీన్ గొట్టంలో ముందు వాళ్ల మాంసం గుప్పెడైనా మిగిలి ఉంటుంది, మీ సంచిలోకి మొదట వచ్చేది అదే. పొద్దున్నే మొదటి బేరానికి వెళ్లండి. ఎక్కడ తీయించినా ఖీమాను ముక్కల కూరలా చూడొద్దు. ముక్క మీద క్రిములు పైపైనే ఉంటాయి, మెషీన్‌లో పడ్డాక అవి లోపలంతా కలిసిపోతాయి. అందుకే ఆ రోజే వండేయాలి, లోపలిదాకా 71 డిగ్రీల వేడి తగలాలి. ఖీమా కూరకు బెంగ లేదు. లావుపాటి కబాబ్‌లతోనే జాగ్రత్త, మధ్యలో గులాబీ రంగు మిగులుతుంది.

కడగడంలో నేను చేసిన ఇంకో తప్పు, మొదటే మరిగే నీళ్లు పోయడం. అప్పుడు మాంసం చిల్లుల్లోనే ఉడికి అతుక్కుపోతుంది, పుల్లతో ఒక్కో చిల్లూ పొడుచుకోవాల్సి వచ్చింది. ఇప్పుడు చివర్లో ఒక ఎండిన చపాతీ ముక్కలు చేసి వేసి తిప్పుతాను, లోపల మిగిలిందంతా దాంతో బయటికొస్తుంది. తర్వాత విడదీసి చన్నీళ్లు, ఆపైన సబ్బుతో వేడినీళ్లు. తుడిచి, పొయ్యి పక్కన పూర్తిగా ఆరబెట్టి, బ్లేడుకూ జాలీకీ నూనె చుక్క రాసి కాగితంలో చుడతాను. లేకపోతే మర్నాటికే తుప్పు.

బ్లేడు సరిగ్గా పెట్టి, మాంసం చల్లబెట్టాక కూడా గుజ్జే వస్తే, పదును పోయిందన్నమాట. బ్లేడునూ జాలీనీ కలిపే సాన పట్టించండి, రెండూ ఒకదానికొకటి అరిగి కుదురుకుని ఉంటాయి. ముందు మాత్రం ఆ చదును పక్క ఎటుందో చూసి, ఒక గుప్పెడు చల్లటి ముక్కలతో తిప్పి ఏం వచ్చిందో ఇక్కడే రాయండి.